డన్ స్టేషన్

నా చిన్నప్పుడు మా రైల్వే కాలనీలో ఏ ఇంటి మగవాడు ఏ పూట ఇంట్లో ఉంటాడో ఎవరికీ తెలిసేది కాదు. బిలాస్‌పూర్‌లో ఇంకా బొగ్గింజన్లు నడుస్తున్న కాలం అది. మా నాన్న లోకోషెడ్డులో ఫైర్‌మన్. షెడ్డు నుంచి పిలుపు వస్తే కలిపిన అన్నం కంచంలోనే వదిలి లేచిపోయేవాడు. మా పెద్దవాళ్ళది శ్రీకాకుళం వైపు పలుకుబడి. ఎవరైనా వచ్చి నాన్న ఏడీ అని అడిగితే "డ్యూటీ పోనాడు" అనో, "షెడ్డు పోనాడు" అనో, "రాయ్‌గఢ్ పోనాడు" అనో చెప్పేవాళ్ళం. పోయిన మనిషి ఒకటి రెండు రోజుల్లో కళ్ళు తప్ప ఒళ్ళంతా నల్లగా తిరిగొచ్చేవాడు. అందుకని ఆ మాటలో భయపడాల్సింది ఏదో ఉందని నాకెప్పుడూ తోచలేదు.

మా పక్క క్వార్టర్‌లో ఒక ఆంగ్లో ఇండియన్ డ్రైవర్ ఉండేవాడు. నేను ఆయన్ని అంకుల్ అనీ, ఆయన భార్యను ఆంటీ అనీ పిలిచేదాన్ని. నాన్న చాలాసార్లు ఆయన ఇంజన్ మీదే డ్యూటీ చేసేవాడు. తెలుగు ఫైర్‌మన్ల దగ్గర నేర్చుకున్న తెలుగు కాబట్టి అంకుల్ అచ్చం మా నాయనమ్మ యాసలో మాట్లాడేవాడు. కాకపోతే ఆయనకు వచ్చిన మాటలు తక్కువ. ఇంటికి వచ్చేటప్పుడు అవుటర్ సిగ్నల్ దగ్గర ఒక పొడుగు కూత, రెండు పొట్టి కూతలు వేసేవాడు. అది వినగానే ఆంటీ పొయ్యి మీద నీళ్ళు పెట్టేది.

వాళ్ళకు ఒక్కడే కొడుకు, నాకంటే ఏడాది పెద్ద. కాలనీ అంతా వాణ్ణి డన్నీ అనేవారు. రెండు క్వార్టర్లకూ కలిపి ఒకటే కుళాయి ఉండేది. నా బిందె నింపి మా గుమ్మం దాకా మోసుకొచ్చి పెట్టేవాడు. బదులుగా మా అమ్మ పెట్టిన ఆవకాయ బ్రెడ్డు మీద రాసిమ్మనేవాడు. కారానికి కళ్ళ నీళ్ళు కారుతున్నా తినడం ఆపేవాడు కాదు. వాడికి ఇంకా పెద్ద పేరు ఒకటి ఉందని నాకు తెలియదు. ఆంటీకి కోపం వచ్చినప్పుడు ఏదో గట్టిగా అరిచేది గానీ, ఆ ఇంగ్లీషు వేగంలో అది నాకు తిట్టులా వినిపించేదే తప్ప పేరనిపించలేదు.

ఎనిమిదో ఏట వేసవి సెలవులకు అమ్మతో కలిసి పలాస దగ్గర మా ఊరు వెళ్ళాను. వెళ్ళేముందు డన్నీ నన్ను ఆపి, మీ ఊళ్ళో జీడిపప్పు చెట్లకు కాస్తుందట కదా, తెస్తావా అని అడిగాడు. మా మేనమామ చేత వేయించి, పొట్లం కట్టించి తెచ్చాను. జూన్‌లో బిలాస్‌పూర్‌లో దిగి, రిక్షా ఆగీ ఆగకముందే వాళ్ళింటికి పరుగెత్తాను. తలుపుకు తాళం వేసి ఉంది.

ఇంట్లోకి వచ్చి డన్నీ ఏడని నాన్నను అడిగాను. ఆయన వాకిట్లో కూర్చుని బూట్లకు అంటిన మసి తుడుచుకుంటున్నాడు. తల ఎత్తలేదు. ఎన్నడూ లేనిది ఆ పూర్తి పేరు పెట్టి అన్నాడు. "డన్‌స్టన్... పోనాడమ్మా."

స్టేషన్ అనే మాటను మా ఇంట్లో ఎవరూ సరిగా పలికేవారు కాదు. "స్టేసన్" అనేవారు, ఒక్కోసారి తొందరలో ఇంకా నలిపేసేవారు. డన్ స్టేసన్ పోనాడు అని నేను విన్నాను. ఎప్పుడొస్తాడు అని అడిగితే నాన్న లేచి లోపలికి వెళ్ళిపోయాడు. అమ్మను అడిగితే కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నాయనమ్మ మాత్రం నా రెక్క పట్టుకుని కూర్చోబెట్టి, "ఆలింటి కాడ ఆడి పేరు ఎత్తావంటే నాలిక కోసేస్తాను. ఆయమ్మ గుండె పగిలిపోద్ది" అంది.

నాకు నేనే అర్థం చెప్పుకున్నాను. ఆంగ్లో ఇండియన్ల పిల్లలు దూరాన ఉన్న బోర్డింగ్ బళ్ళకు వెళ్ళడం మా కాలనీలో మామూలే. వీణ్ణి కూడా డన్ అనే ఊరి బడిలో వేశారన్నమాట. ఒక్క మాటైనా చెప్పకుండా వెళ్ళిపోయాడని నాలుగు రోజులు ఉడుక్కున్నాను. తర్వాత పొట్లాన్ని బియ్యం డబ్బాలో దాచి, దసరా సెలవుల కోసం ఎదురుచూడడం మొదలుపెట్టాను.

ఆంటీ జూలైలో ఖరగ్‌పూర్‌లో వాళ్ళ అక్క ఇంటి నుంచి తిరిగొచ్చింది. బాగా చిక్కిపోయి ఉంది. ఎప్పుడూ గుమ్మంలో నిలబడి అందరినీ పలకరించే మనిషి బయటికి రావడం మానేసింది. కుళాయి దగ్గరికి వస్తే అప్పటిదాకా మాట్లాడుకుంటున్న ఆడవాళ్ళు ఒక్కసారిగా వాన గురించో, రేషన్ గోధుమల గురించో మొదలుపెట్టేవారు. ఆమె బిందె నింపుకుని ఎవరి ముఖమూ చూడకుండా వెళ్ళిపోయేది. నేను నాలుక కోతకు భయపడి తల వంచుకునేదాన్ని. కొడుకు మీద బెంగ కాబోలు అనుకున్నాను.

దసరా వచ్చింది. బోర్డింగుకు వెళ్ళిన కాలనీ పిల్లలంతా ట్రంకు పెట్టెలతో రిక్షాల్లో దిగారు. రోజూ కల్వర్టు మీద కూర్చుని ఒక్కో రిక్షానూ చూశాను. పండుగ వెళ్ళిపోయింది. ఆ పిల్లలు మళ్ళీ పెట్టెలు సర్దుకోవడం కూడా మొదలుపెట్టారు. డన్నీ రాలేదు. ఇంట్లో అడగకూడదు, వాళ్ళింట్లో అడగకూడదు. ఇక నేనే వెళ్ళాలి. మర్నాడు పొద్దున్న అమ్మ బట్టలు ఉతుకుతుండగా, పండక్కి కుట్టించిన గౌను వేసుకుని, జీడిపప్పు పొట్లం పట్టుకుని స్టేషన్‌కు నడిచాను.

టికెట్ల కిటికీ నా తలకంటే ఎత్తులో ఉంది. మునివేళ్ళ మీద నిలబడి, డన్ స్టేషన్‌కు టికెట్ కావాలన్నాను. లోపలి గుమాస్తా వంగి చూసి నవ్వాడు. "దూన్? దేహరాదూన్? అరే బిటియా, అది చాలా దూర్. కట్నీలో గాడీ మారాలి. పో, మీ నాన్నని తీసుకురా" అని హిందీ, తెలుగు కలిపి చెప్పి కిటికీలోంచి వెనక్కి తిరిగాడు. నాకు కావలసింది దొరికింది. కట్నీ. తట్టల్లో కూరగాయలతో కూర్చున్న ఒక ఆడమనిషిని కట్నీ బండి ఏదని అడిగితే, ఎదురుగా ఆగి ఉన్న పాసింజర్ బండిని గడ్డం ఎత్తి చూపించింది. రైల్వే పిల్లలకు టికెట్ ఎందుకులే అనుకున్నాను. పెట్టె మెట్టు మీద ఒక కాలు పెట్టాను. అంతలో వెనకనుంచి ఎవరో నా భుజం పట్టుకున్నారు.

అంకుల్. అప్పుడే గూడ్సుబండి తెచ్చి షెడ్డులో అప్పగించి ఇంటికి వెళ్తున్నాడు. చేతిలో టిఫిన్ డబ్బా, మెడకు మసిగుడ్డ.

"ఏటి బేబీ, ఒక్కతివే ఏటి చేస్తన్నావు?"

"డన్ స్టేసన్ పోతన్నాను. డన్నీ కాడికి" అన్నాను. ఆయన ముఖం చూసి, ఏదో తప్పు చేశానని తోచి, గబగబా మిగతాదీ చెప్పేశాను. నాన్నే చెప్పాడనీ, డన్నీ సెలవులకు రాలేదనీ, జీడిపప్పు పాడైపోతుందనీ.

ఆయన నన్ను మెట్టు మీదనుంచి దింపి బెంచీ మీద కూర్చోబెట్టాడు. డన్ స్టేసన్, డన్ స్టేసన్ అని రెండుసార్లు తనలో తాను అనుకున్నాడు. అర్థమయ్యాక ఒక నవ్వు వచ్చింది. పెద్దగానే నవ్వాడు. నేనూ నవ్వబోయాను. ఆ నవ్వు ఆగకుండానే మరొకటిగా మారిపోయింది. మసి ముఖం మీద రెండు తెల్లటి చారలు పడ్డాయి. ఒక పెద్ద మగవాడు పట్టపగలు, ప్లాట్‌ఫారం మీద, అందరూ చూస్తుండగా ఏడవడం నేను అదే మొదట చూడడం. కట్నీ బండి కదిలి వెళ్ళిపోయింది. దాని గోల తగ్గాక ఆయన అన్నాడు.

"బేబీ, ఆ స్టేసన్ నేదు. అది మా బాబు పేరు. డన్‌స్టన్. ఆడు సచ్చిపోనాడు. మే నెలలో. జొరం. మూడు రోజులు."

ఆ మాట అంత మొండిగా చెప్పేవాళ్ళు మా ఇంట్లో లేరు. మా వాళ్ళకు అలాంటి చోట వాడడానికి ఎన్నో మెత్తని మాటలు వచ్చు. అంకుల్‌కు అవేవీ రావు. ఆయనకు వచ్చిన తెలుగులో దానికి ఆ ఒక్క మాటే ఉంది. కానీ ఆ మాట విన్నాకే నాలుగు నెలలుగా నా చుట్టూ జరుగుతున్నదంతా, కొంగు అడ్డం పెట్టుకున్న అమ్మా, తల ఎత్తని నాన్నా, కుళాయి దగ్గరి వాన కబుర్లూ, ఒక్కసారిగా అర్థమయ్యాయి. ఏడుపు వెంటనే రాలేదు. మరి డన్ అంటే ఏమిటి అని అడిగాను. అంతటి మాట విన్నాక అదేం ప్రశ్నో నాకే తెలియదు.

ఆయన మాత్రం దానికి జవాబు చెప్పాల్సిందే అన్నట్టు లేచాడు. పట్టాల పక్కకు దిగి, ఒక బొగ్గు పెళ్ళ తెచ్చి నా అరచేతిలో పెట్టాడు. అది చాలా పాతకాలపు ఇంగ్లీషు అని చెప్పాడు. డన్ అంటే నల్లటి రంగు, మబ్బు పట్టినట్టుండే రంగు. స్టన్ అంటే రాయి. నల్లరాయి. వెనకటికి ఆ పేరుతో ఒక సాధువు ఉండేవాడట, తన చేతులతోనే ఇనుము పని చేసేవాడట. ఇప్పుడు ఇంగ్లండ్‌లో కూడా ఆ పేరు పెట్టుకునేవాళ్ళు తక్కువేనట. కొడుకు పుట్టిన రోజు ఆయన ఇంజన్ మీదనుంచి దిగి నేరుగా ఆస్పత్రికి పరుగెత్తాడట. చేతులు కడుక్కోవడం కూడా మరిచిపోయి బిడ్డను ఎత్తుకుంటే తెల్లటి గుడ్డ మీద పది వేళ్ళూ అచ్చు పడ్డాయట. నర్సు కేకలేసిందట. ఆంటీ మాత్రం ఆ అచ్చులు చూసి నవ్వి, వీడికి ఇంకేం పేరు పెడతాం అందట. వాళ్ళ తాత కాలం నాటి పేర్ల పుస్తకంలో చూసి ఈ పేరు ఆమెకు ముందే తెలుసు. "మా నాన బొగ్గేసినాడు. నాను బొగ్గేసినాను. మా ఇంటికి అన్నం పెట్టింది ఈ నల్లరాయే కదేటి" అన్నాడు అంకుల్.

మా మనవరాలికి ఇప్పుడు నెలలు నిండుతున్నాయి. మొన్న పుట్టబోయే బిడ్డ కోసం ఫోన్‌లో పేర్ల అర్థాలు చూస్తుంటే, ఈ పేరు కూడా చూడమన్నాను. అరుదైన పేరని ఉందట. నల్లరాయి అని కొందరూ, కాదు, కొండరాయి అని కొందరూ అంటారట. "దాదీ, ఇంత కష్టమైన పేరు నీకెలా తెలుసు?" అని అడిగింది. ఏది సరైన అర్థమో పండితులు తేల్చుకోవాలి. నాకు మాత్రం ఆ పేరు అర్థం అరచేతిలో పెట్టి చెప్పారు.

ఆ రోజు, నేను క్షేమంగా ఉన్నానని షెడ్డులో పనిచేసే ఒక ఖలాసీ చేత మా ఇంటికి కబురు పంపి, అంకుల్ నన్ను వాళ్ళ సమాధుల తోటకు తీసుకువెళ్ళాడు. పిల్లలకు అలాంటివి చూపించకూడదని ఆయనకు ఎవరూ చెప్పలేదేమో. ఎండలో చాలా దూరం నడిచాం. రాతి పలక ఇంకా రాలేదట, కొయ్య సిలువ మీద తెల్ల పెయింటుతో పేరు రాసి ఉంది. బడిలో అప్పుడే ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుంటున్నాను. వేలు పెట్టి ఒక్కొక్క అక్షరం చదివాను. మూడక్షరాలు చదివేసరికి డన్ అయింది. తర్వాత ఇంకో నాలుగే ఉన్నాయి. స్టేషన్‌కు అవి చాలవు. చివరి అక్షరం దగ్గర నా వేలు ఆగింది. అప్పుడు ఏడుపొచ్చింది.

ఆయన నన్ను ఊరుకోమనలేదు. నా పక్కనే మట్టిలో కూర్చున్నాడు. నా ఏడుపు తగ్గాక, తెచ్చినదాన్ని ఏం చేద్దాం అని అడిగాడు. పొట్లం విప్పాం. జీడిపప్పు మెత్తబడి కాస్త కనరు వాసన వేస్తోంది. ఒకటి సిలువ దగ్గర పెట్టాను. మిగతావి ఇద్దరం ఒక్కోటి చొప్పున, అన్నీ తిన్నాం.

ఇంటికి వచ్చేసరికి కాలనీ సగం మా గుమ్మంలో ఉంది. అమ్మ నా వీపు మీద నాలుగు వేసి, అదే చేత్తో దగ్గరికి లాక్కుని ఏడ్చింది. అంకుల్ జరిగింది చెబుతుంటే నాన్న గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. "నా నోట రానేదు సార్. ఎలాగ సెప్పాలో తెలీనేదు" అన్నాడు. అంకుల్ ఆయన భుజం మీద చెయ్యి వేశాడు. "ఐదు నెలలు నా పక్కన బొగ్గేసినావు. ఒక్కసారీ ఆడి పేరు అన్నేదు నువ్వు" అన్నాడు. అందులో నిష్ఠూరం లేదు, అలసట ఉంది. నాన్న తల ఇంకా వంగిపోయింది.

సాయంత్రం దీపాలు పెట్టే వేళ ఆంటీ మా గుమ్మంలోకి వచ్చింది. ఐదు నెలల్లో మా గడప దగ్గరికి రావడం అదే మొదటిసారి. నాయనమ్మ భయపడి లేచి, చిన్నపిల్ల, తెలియక అనేసింది, మనసులో పెట్టుకోకమ్మా అని రెండు చేతులూ జోడించింది. ఆంటీ ఆ మాట విన్నట్టే లేదు. నా ముందు కింద కూర్చుంది. ఆమెకు తెలుగు రాదు. హిందీలో మెల్లగా అడిగింది.

"నువ్వు నా బాబు పేరు అన్నావట. మళ్ళీ ఒకసారి అంటావా?"

నేను నాయనమ్మ వైపు చూశాను. డన్‌స్టన్ అన్నాను. ఆంటీ కళ్ళు మూసుకుంది. మళ్ళీ అన్నాను. అప్పుడామె, అతడు చనిపోయిన రోజు నుంచి ఈ కాలనీలో ఎవరూ ఆ పేరు తన ముందు పలకలేదని చెప్పింది. తన కొడుకు అసలు పుట్టనే లేదన్నట్టు అందరూ గోధుమల గురించి మాట్లాడుతుంటే, ఒక్కోసారి తనకే అనుమానం వచ్చేదంది. ఆ మాటకు గుమ్మంలో ఉన్న ఆడవాళ్ళలో ఒకామె వెక్కి వెక్కి ఏడ్చింది. మొదట మా అమ్మే నోరు విప్పింది. "ఆవకాయంటే ప్రాణం పెట్టేవోడు" అంది. నేను దాన్ని హిందీలోకి మార్చి చెప్పాను. తర్వాత ఇంకొకామె, వాడు తన గోడ దూకి జామకాయలు కోసిన సంగతి చెప్పింది. మరొకామె ఇంకేదో గుర్తు చేసింది. ఆంటీ ఏడుస్తూ, మధ్యలో నవ్వుతూ, ఒక్కొక్కరి ముఖమూ చూస్తూ కూర్చుంది. నాన్న అన్నిటికంటే చివర వచ్చి, ఆ పేరు ఒక్కసారి, చాలా మెల్లగా పలికి వెళ్ళిపోయాడు.

దుఃఖం దానివల్ల తగ్గిందని చెప్పను. అంకుల్ ఆ తర్వాత అవుటర్ దగ్గర కూత వేయడం మానేశాడు. రిటైరయ్యే ఏడాది ఇద్దరూ బాగా ముసలివాళ్ళలా అయిపోయారు. ఖరగ్‌పూర్ వెళ్ళిపోతూ, కొడుకును ఇక్కడ ఒంటరిగా వదిలేస్తున్నామని ఆంటీ మా అమ్మను పట్టుకుని చాలాసేపు ఏడ్చింది. కొన్నేళ్ళు ఉత్తరాలు వచ్చాయి. తర్వాత రాలేదు. ఇప్పుడు ఇద్దరిలో ఎవరూ ఉండి ఉండరు. ఆ కొడుకు పేరు తెలిసిన మనిషిని ఈ బిలాస్‌పూర్‌లో నేనొక్కదాన్నే మిగిలానేమో.

ఆ రోజు నుంచి నాకు ఒక అలవాటు మిగిలింది. మా ఆయన చనిపోయినప్పుడు, అప్పటికి ఐదేళ్ళున్న ఈ మనవరాలికే, తాత దేవుడి దగ్గరికి వెళ్ళారు, వచ్చేస్తారు అని ఎవరో చెప్పబోతే నేను ఆపాను. ఒళ్ళో కూర్చోబెట్టుకుని, తాత చచ్చిపోయారు, ఇక రారు అని చెప్పాను. ఇద్దరం కలిసి ఏడ్చాం. నన్ను రాతిగుండె అన్నవాళ్ళు ఉన్నారు.

చావు జరిగిన ఇంటికి వెళ్తే ధైర్యం చెప్పడం నాకు చేతకాదు. పోయిన ఏడాది, ఇప్పుడు మేముంటున్న తిఫ్రా పేటలో, మా వీధి చివరి ఇంట్లో కాలేజీ చదివే అమ్మాయి చనిపోయింది. వారం తర్వాత వెళ్ళాను. వచ్చినవాళ్ళంతా ఎండల గురించీ, కాగితాల గురించీ, ఆస్పత్రుల గురించీ మాట్లాడుతున్నారు. తల్లి ఒక మూల చాప మీద గోడకు చేరగిలబడి ఉంది. నేను దగ్గరికి వెళ్ళి, ఆ అమ్మాయి పేరు పెట్టి, ఏం కూర ఇష్టంగా తినేదమ్మా అని అడిగాను. ఎవరో వెనకనుంచి నా చీర కొంగు లాగారు. తల్లి నా వైపు చూసింది. బెండకాయ వేపుడు అంది. అని భోరున ఏడ్చింది. ఏడుస్తూనే చాప మీద పక్కకు జరిగి నాకు చోటిచ్చింది. చీకటి పడేదాకా ఆ పిల్ల గురించి చెబుతూనే ఉంది.